లోన్లు తర్వాత ఇద్దురు గానీ, ముందు మా పసుల మేత సంగతి చూడండి

పోయిన వారం మా ఊర్లో పాడి రైతుల మీటింగ్ పెట్టారు. షామియానా వేశారు, మైకు పెట్టారు, అందరికీ టీ ఇచ్చారు. రెండు గంటలు మాట్లాడారు. ఆవుకు ఎంత లోన్ వస్తుంది, అందులో సబ్సిడీ ఎంత, కంతులు ఎన్ని, ఇన్సూరెన్సుకు ఏ కాగితాలు కావాలి, అన్నీ వివరంగా చెప్పారు. చివర్లో ఒక పెద్దాయన లేచి, "సారూ, ఆవునిస్తారు సరే, దానికి ఏం పెట్టాల?" అని అడిగాడు. "పచ్చిమేత పెంచుకోవాలి పెద్దాయనా" అని ఒక్క మాట చెప్పి తర్వాతి విషయానికి వెళ్లిపోయారు. ఆయనకున్నది మూడెకరాల మెట్ట. బోరు లేదు. ఆయన మళ్లీ ఏమీ అడగలేదు, కండువా దులుపుకుని కూర్చున్నాడు.

ఆ ప్రశ్న అప్పటి నుంచి నన్ను వదలడం లేదు. అందుకే రాస్తున్నాను. పొడుగవుతుంది, ఓపిగ్గా చదవండి.

మాది అనంతపురం జిల్లాలో ఉరవకొండకూ కళ్యాణదుర్గానికీ మధ్యనున్న చిన్న ఊరు. ఒక బస్టాండు, నాలుగు హోటళ్లు, ఎరువుల అంగళ్లు, పాల కేంద్రం. చుట్టూ పల్లెలు. ఈ ఊరు బతికేది పసుల మీద. పాల బిల్లు పడిన రోజే అంగట్లో బాకీలు తీరతాయి, పిల్లల ఫీజు కడతారు, సెల్‌ఫోన్ రీఛార్జి చేయిస్తారు. బిల్లు నాలుగు రోజులు ఆలస్యమైతే హోటల్లో దోసెలు కూడా తక్కువ పోస్తారు. పంట ఏడాదికొకసారి, అదీ వానొస్తే. ఇక్కడ ఏడాది సగటు వాన 550 మిల్లీమీటర్లకు అటూ ఇటూ. పాలు మాత్రం రోజుకు రెండు పూటలా డబ్బులు. అందుకే పసులు పోతున్నాయంటే నాకు ఊరే పోతున్నట్టు ఉంటుంది.

మా ఇంటి ముందర పసుల కొట్టం, దాని పక్కన ఎండుమేత పేర్చిన వామి ఉండేవి. ఇంటికి పిల్లనిచ్చేవాళ్లు కూడా వామి ఎంత ఎత్తుందో చూసి లోపలికి వచ్చేవాళ్లు. కార్తీకంలో శనక్కాయ పీకి, కాయ కొట్టుకున్నాక మిగిలిన కట్టెను ఆకు రాలకుండా బండ్లలో తెచ్చేవాళ్లం. అడుగున బండలు పరిచి, వాటిపైన కంపలు వేసి, దాని మీద వామి పెట్టేవాళ్లు. చెమ్మ తగలకూడదని, చెద పట్టకూడదని. నాయన పైన నిలబడి తొక్కుతూ ఉంటే మేము కింద నుంచి అందించేవాళ్లం. మా జేజి రోజూ సాయంత్రం ఒక పిడికెడు కట్టె లాగి, వేళ్లతో నలిపి, ముక్కు దగ్గర పెట్టుకుని చూసేది. బూజు వాసన వస్తే ఆ పక్క కట్టె చూడి ఆవుకు వేయనిచ్చేది కాదు. "మనం తినలేంది దానికెట్లా పెడతావురా" అనేది. ఆకు నిలిచిన శనక్కట్టె పసులకు ఎంత బలమో ఈ సీమలో పసుల్ని సాకిన ప్రతి ఇంటికీ తెలుసు. వరిగడ్డితో కడుపు నిండుతుందేమో గానీ శనక్కట్టెతోనే పాలు దిగుతాయి.

ఇప్పుడు మా వీధిలో రెండే వామిలు ఉన్నాయి.

ఎందుకంటే, పసులు ఏం తింటాయన్నది మనం ఏం విత్తుతామన్న దాని మీదే ఉంటుంది. వరసగా నష్టాలు చూసి చాలామంది శనక్కాయ తగ్గించేశారు. ఆముదం, కంది, పత్తి వేస్తున్నారు. వాళ్లను తప్పు పట్టను, నష్టపోయినవాడికి నీతులు చెప్పే హక్కు ఎవరికీ లేదు. కానీ కంది కట్టె పొయ్యిలోకి, పత్తి కట్టె మంటలోకి, ఆముదం ఆకు మేస్తే పసువుకు విషం. జొన్న, కొర్ర పోయినాక సొప్ప పోయింది. 2012లో జీడిపల్లి రిజర్వాయరుకు హంద్రీనీవా కాలువ నీళ్లు వచ్చాయి. అది మా తరం చూసిన పెద్ద పండగ, నేను కూడా వెళ్లి ఆ నీళ్లు నెత్తిన చల్లుకున్నాను. నీళ్లు అందినచోట చీనీ తోటలు, మిరప వచ్చాయి. రైతుకు నాలుగు డబ్బులు కనిపించాయి, సంతోషమే. పసువుకు మాత్రం అక్కడ కూడా ఒక పరక పెరగలేదు. వేసవి వస్తే కర్ణాటకలోని సిరుగుప్ప వైపు నుంచి లారీల్లో వచ్చే వరిగడ్డి కోసం కాచుకోవాల్సిందే.

ఇక బీడు సంగతి. మా ఊరికి తూర్పున గుట్ట, గుట్ట కింద వంక, వంక పొడుగునా బీడు ఉండేది. నాలుగు వానలు పడితే చెంగలి గడ్డి లేచేది. పొద్దున ఊరి పసులన్నీ ఒకే మందగా బయల్దేరేవి, కాసేవాడికి ఇంటింటికీ ఏడాదికి ఇన్ని గింజలని కొలిచేవాళ్లు. ఇప్పుడు ఆ గుట్ట మీద గాలిమరలు. మరకు పట్టే చోటు తక్కువేలే, దాని దాకా వేసిన రోడ్లు, తవ్విపోసిన మట్టి మేతను తినేశాయి. వంక పక్కన కొంత పట్టాలయింది, కొంత కంచెలోకి పోయింది. మిగిలినచోట సర్కారు తుమ్మ. ఉమ్మడి కర్నూలు జిల్లాలో ఓర్వకల్లు దగ్గర గని, శకునాల సోలార్ పార్కు వెయ్యి మెగావాట్లది, దాదాపు 6 వేల ఎకరాలు. కరెంటు వద్దని నేననడం లేదు, మా ఇంట్లోనూ లైటు వెలగాలి. ఇంత భూమి లెక్కగట్టేటప్పుడు అందులో ఎన్ని పసులు, ఎన్ని గొర్రెలు మేసేవో కూడా రాసుకోండి, వాటికి ఇంకోచోట చూపించండి అంటున్నాను. కాగితం మీద "బంజరు" అని రాసిన భూమి మా పసులకు అన్నం కంచం.

ఇప్పుడు ఆ మీటింగులో ఎవరూ చెప్పని లెక్క చెబుతాను. మా ఇంటి ఆవు లెక్కే. రోజుకు 8 లీటర్లు, లీటరు 32 రూపాయల చొప్పున 256 రూపాయలు. దాణా 4 కిలోలు, కిలో 28, అంటే 112. ఎండు మేత 6 కిలోలు కొంటే 48. పచ్చి మేత 15 కిలోలు కొంటే 45. మొత్తం 205. చేతిలో మిగిలేది 51 రూపాయలు. 70 వేల లోన్‌కు మూడేళ్ల కంతులు పెట్టుకుంటే నెలకు 2,300 పైమాటే, అంటే రోజుకు 76. ఇందులో మందులు లేవు, మనిషి కూలి లేదు, ఆవు వట్టిపోయిన నెలలు లేవు. అదే వామి, బీడు మనవైతే దాణా ఖర్చు పోను 144 మిగులుతుంది. కంతు కట్టి ఇంట్లోకీ నాలుగు రాళ్లు వస్తాయి. ఆవు అదే, పాలు అవే. లాభమా నష్టమా అన్నది తేల్చేది మేత ఒక్కటే. లోన్ తీసుకున్న ఆవులు రెండేళ్లు తిరక్కుండానే సంతకు ఎందుకు వస్తున్నాయని ఆశ్చర్యపోయేవాళ్లు ఈ లెక్క ఒకసారి వేసి చూడండి.

2018లో కరువు. మా పెయ్య, మొదటి చూడిది, పలుపు తెంపుకుని పక్క చేలోకి పోయింది. వానలేక మోకాలెత్తులో గిడసబారిన జొన్న అది. అలాంటి జొన్నలో విషం ఉంటుంది, దాన్ని నాము అంటారు. మా వైపు చిన్నపిల్లలకు కూడా తెలుసు, ఆ జొన్న పసువు నోట పెట్టకూడదు. ఆకలికి ఏం తెలుస్తుంది? మేం చూసి తోలుకొచ్చేసరికి కడుపు ఉబ్బి, కాళ్లు తడబడి, కొట్టం గడప దగ్గర పడిపోయింది. అప్పుడు దగ్గర్లో పసుల డాక్టర్ పోస్టు ఖాళీ. ఇంకో మండలం డాక్టరు ఇన్‌చార్జి. ఆయన బండి వేసుకుని వచ్చేలోపే అంతా అయిపోయింది. ఆయన చేతులు కట్టుకుని నిలబడి, "గంట ముందు ఇంజెక్షన్ పడింటే బతికేది" అన్నాడు. ఆయన తప్పేం లేదు. అమ్మ రెండు రోజులు కొట్టం వైపు పోలేదు.

ఆ తర్వాత 2022లో, 1962 నంబరుకు ఫోన్ చేస్తే వచ్చే పసుల అంబులెన్సులు పెట్టారు, మొదట నియోజకవర్గానికొకటి చొప్పున 175. చాలా మంచి పని. టీకాలు వేస్తున్నారు, అదీ మంచిదే. కానీ మా పెయ్యను చంపింది రోగం కాదు. ఆ రోజు బీట్లో గడ్డి ఉంటే అది పలుపు తెంపుకునేదే కాదు.

ఎద్దుల గురించి రాయాలంటే చెయ్యి ఆడదు, అయినా రాస్తాను. పోయినేడు ఫిబ్రవరిలో మా జత అమ్మేశాం. వామి అయిపోయింది, ట్రాక్టరు కట్టె 12 వేలు చెప్పారు. సంతలో దళారి ఎలపటి ఎద్దు నోరు తెరిచి పళ్లు చూశాడు, సుళ్లు చూశాడు, నాయన చేతి మీద తువ్వాలు కప్పి వేళ్లు పట్టుకుని బేరం నడిపాడు. నాయన మొదటి బేరానికే ఒప్పుకున్నాడు. మనిషి ఎప్పుడూ అలా ఒప్పుకునే రకం కాదు. ఇరవై ఏళ్ల కింద ఎమ్మిగనూరు జాతరలో కోడెల కోసం మూడు రోజులు తిరిగి, మూడు రాత్రులు బండి కింద పడుకున్న మనిషి. బస్సులో వచ్చేటప్పుడు రెండు మూకుతాళ్లు మడిచి సంచిలో పెట్టుకుని, ఊరొచ్చేదాకా కిటికీలో నుంచే చూస్తూ కూర్చున్నాడు. ఏరువాక పున్నమికి అందరూ ఎద్దులకు కొమ్ములు కడిగి రంగులు పూస్తుంటే ఆయన పొద్దున్నే పొలానికి వెళ్లిపోయాడు.

"నేపియర్ గడ్డి వేసుకోండి, మాగబెట్టిన పచ్చిమేత, అదే సైలేజ్, మూటలు కొనుక్కోండి" అని చెప్పేవాళ్లున్నారు. బోరులో నీళ్లున్నవాళ్లు వేసుకుంటున్నారు, బాగానే ఉంది. బోరు వెయ్యి అడుగులు పోయినా తడి తగలని ఊళ్లో ఆ సలహాతో ఏం చేసుకోవాలి? ప్రభుత్వం గడ్డి కేంద్రాలు కూడా తెరుస్తుంది, కాదనను. తెరిచేసరికి ఏప్రిల్, మే వస్తుంది. పసులు ఫిబ్రవరిలోనే సంతకు పోయుంటాయి.

శనక్కట్టె నవంబరులో చవక, ఏప్రిల్లో రెట్టింపు. నవంబరులోనే కొని మండలానికొక షెడ్డులో పేర్చి, ఎండాకాలం కొన్న ధరకే ఇవ్వమనండి. పొదుపు సంఘాల అక్కలకు అప్పజెప్పండి, లెక్క పైసతో సహా రాస్తారు. ఆవు లోన్‌కు పెట్టే డబ్బులో కొంత దీనికి పెడితే చాలు.

రెండోది బీడు. 1994 పంచాయతీరాజ్ చట్టం ప్రకారం మేత పొరంబోకులు (పసుల మేతకు వదిలిన సర్కారు భూములు), కళ్లాలు, శ్మశానాలు, బండ్లు నిలిపే చోట్లు గ్రామ పంచాయతీవి. 2011లో సుప్రీంకోర్టు ఊరి ఉమ్మడి భూముల్లో ఆక్రమణలు తీసేసి తిరిగి ఊరికి అప్పగించాలని అన్ని రాష్ట్రాలకూ చెప్పింది. అంటే మనం ఎవరినీ కొత్తగా దేబిరించడం లేదు, మనదాన్నే కొలిచి చూపించమంటున్నాం. కొలిచి, హద్దురాళ్లు వేసి, సర్కారు తుమ్మ పీకించి, నాలుగు వానల దాకా పసుల్ని తోలకుండా ఊరంతా కట్టుబడితే గడ్డి దానంతటదే లేస్తుంది. విత్తనం ఆ మట్టిలోనే ఉంది.

ఊరి భూముల పాత రికార్డు డైగ్లాట్ చూసి మా ఊరి మేత పొరంబోకు సర్వే నంబర్లు, విస్తీర్ణం రాసివ్వమని సోమవారం నేను అర్జీ పెట్టాను. మీటింగులో అడిగిన పెద్దాయన కూడా వచ్చాడు, నా సంతకం కింద వేలిముద్ర వేశాడు. వచ్చే గ్రామసభలో ఇదే మొదటి విషయంగా పెట్టమని సర్పంచ్‌ను అడిగాం, సరేనన్నారు. మా మండలం వాళ్లు ఎవరైనా ఇది చదివితే ఆ రోజు రండి. మీ ఊరి అర్జీ రాసుకుని రండి, రాయడం రానివాళ్లకు నేను రాసిస్తాను.