"ఒక నంబర్ పెద్దది తీస్కో బ్రో" అనే సలహా ఇక ఆపండి

సైక్లింగ్ షూ కొనాలని గ్రూపులో ఎవరు అడిగినా క్షణాల్లో వచ్చే జవాబు ఒకటే, "ఒక నంబర్ పెద్దది తీస్కో బ్రో, సరిపోద్ది". షాపులో అయితే ఇంకో పాట, "వాడగా వాడగా లూజ్ అవుద్దండి, టెన్షన్ పడకండి". రెండూ తప్పే. చెప్పేవాళ్ళకి పోయేదేం లేదు కాబట్టి చెప్తూనే ఉంటారు.

మన సమస్య పొడవు కాదండి బాబూ, వెడల్పు. చిన్నప్పుడు చేలగట్ల మీద, కాలవ రేవుల్లో ఉత్త కాళ్ళతో తిరిగి, పెద్దయ్యాక హవాయి చెప్పుల్లో బతికిన పాదాలు మనవి. వేళ్ళ దగ్గర బాగా విచ్చుకుని ఉంటాయి. ఊరికే అంటున్న మాట కాదు, చెన్నైలోని కేంద్ర తోలు పరిశోధన సంస్థ వాళ్ళు 2021 డిసెంబర్ నుంచి 2022 మార్చి దాకా దేశమంతా తిరిగి లక్ష మందికి పైగా పాదాలు కొలిచి, మనవి యూరప్, అమెరికా వాళ్ళ పాదాల కంటే వెడల్పని తేల్చారు, 'భా' అని మనకంటూ వేరే సైజుల పద్ధతి కూడా ప్రతిపాదించారు. మనకి దొరికే సైక్లింగ్ షూ మాత్రం ఇంకా యూరప్ నంబర్ మీదే వస్తుంది, అందులోనూ చాలా మోడళ్ళు సన్నం.

42 బదులు 43 తీసుకుంటే పొడవు దాదాపు 6.7 మిల్లీమీటర్లు పెరుగుతుంది, వెడల్పులో పెరిగేది అందులో చిన్న వంతే. అంటే చిటికెనవేలు ఎప్పట్లానే నలుగుతుంది, పైగా మడమ లేస్తుంది, క్లీట్ (షూ అడుగున బిగించే, పెడల్‌కి పట్టుకునే బిళ్ళ) వేళ్ళవైపు జరిగిపోయి పిక్కల మీద భారం పడుతుంది. ఇక లూజ్ అవడం సంగతి. తోలు బూటయితే కొంత సాగుతుంది, ఇవి ఎక్కువగా సింథటిక్, సోల్ గట్టి నైలానో కార్బనో. అది వంగదు, వంగకూడదనే అలా చేస్తారు.

మన గోదావరి దగ్గర ఇంకో తిరకాసుంది. ధవళేశ్వరం నుంచి ఏటిగట్టు పట్టుకుని కిందికి వస్తే ఎక్కడా ఎత్తు లేదు, పల్లం లేదు. కొండ దిగేవాడికి కాసేపు పెడల్ ఆపే వీలుంటుంది, మనకి అదీ లేదు, సముద్రం వైపు నుంచి ఎదురుగాలి కొడితే మరీను. ఏప్రిల్, మే ఉక్కలో పాదం ఉబ్బుతుంది, వేళ్ళ సందుల్లో నరాలు నొక్కుకుపోయి ముందు తిమ్మిరి, తర్వాత అరికాలు మంట. దానికి మందులు అడిగేవాళ్ళని చూశాను! ముందు బూటు వదులు చేసి చూడండి మహాప్రభో.

కొనేది సాయంత్రం కొనండి, రైడ్‌కి వేసే సాక్సుతోనే. అంతకుముందు ఇంట్లో గోడకి మడమ ఆనించి కాగితం మీద నిలబడి రెండు పాదాలూ గీయండి, పెద్దదాని పొడవూ వెడల్పూ సెంటీమీటర్లలో రాసుకోండి. షాపులో ఇన్‌సోల్ బయటికి తీసి దాని మీద నిలబడండి, పాదం పక్కలకి పొర్లితే ఆ జత పక్కన పెట్టేయండి, అది ఎంత డిస్కౌంటులో ఉన్నా సరే. వేళ్ళు ఆడాలి, మడమ ఆడకూడదు, అంతే. షిమనోలో కొన్ని మోడళ్ళకి వైడ్ రకం ఉంది, లేక్ కంపెనీ కూడా వెడల్పువి చేస్తుంది. మన ఊళ్ళలో దొరకడం కష్టం, తెప్పించుకోవాల్సిందే.

నర్సాపురంలో గోదావరి దాటించే పంటు ఎక్కి సఖినేటిపల్లి దిగేవాళ్ళయితే, క్లీట్‌ని రెండు బోల్టులతో బిగించే ఎస్‌పీడీ (షిమనో వాళ్ళ పెడల్ పద్ధతి) రకమే చూడండి. ఆ షూలలో క్లీట్ సోల్ లోపలికి ఉంటుంది, నడవొచ్చు. మూడు బోల్టుల రోడ్ క్లీట్‌తో తడి చెక్క మీద నడవడం సర్కస్సే.

ఆన్‌లైన్లో తెప్పించుకుంటే క్లీట్లు అప్పుడే బిగించకండి. సాక్సులేసుకుని ఇంట్లో దుప్పటి మీద ఓ గంట కూర్చుని, లేచి, తిరిగి చూడండి. సోల్ మీద బోల్టు గీత పడ్డాక వెనక్కి తీసుకోమంటే పేచీ పెడతారు.