అద్దె బస్సు డ్రైవర్ల మాటేంటి?

ఆర్టీసీలో తాత్కాలిక సిబ్బందిని పర్మినెంట్ చేయాలని మీరు రాశారు, సరే. మరి ప్రైవేటు ఓనర్ల దగ్గర ఆర్టీసీ అద్దెకు తీసుకుని నడిపే బస్సుల డ్రైవర్లను ఎందుకు వదిలేశారండీ? బస్సు మీద ఆర్టీసీ పేరు, టికెట్ కొట్టేది ఆర్టీసీ కండక్టర్, స్టీరింగ్ పట్టేది మాత్రం ఓనర్ పెట్టుకున్న మనిషి! 2020 జనవరి 1న ఏపీఎస్‌ఆర్టీసీ ఉద్యోగులు ప్రభుత్వంలో కలిసినప్పుడు వీళ్లు బయటే మిగిలారు. మా ఊరికి నైటౌట్ (రాత్రికి ఊళ్లోనే ఆగే బస్సు) వచ్చే అద్దె బస్సు డ్రైవర్ బస్సులోనే దోమతెర కట్టుకుని పడుకుని, తెల్లారకముందే ఫస్ట్ ట్రిప్పు తీస్తాడు. తాత్కాలికంగా ఎన్నేళ్లు చేసినా పర్మినెంట్ హక్కు రాదని 2006లో ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు చెప్పిందని అందరూ అంటారు. మంజూరైన పోస్టుల్లో పదేళ్లు దాటినవాళ్లను ఒక్కసారికి క్రమబద్ధీకరించమని అదే తీర్పు అన్న సంగతి ఎవరూ ఎత్తరు. ఈ అద్దె బస్సు డ్రైవర్‌కైతే అసలు ఆర్టీసీలో పోస్టే లేదు. ముందు ఆర్టీసీ రిజిస్టర్లో పేరైనా ఎక్కించమనండి.