ఒకవైపే పనిచేసే గోడ

మా హాలుకీ పడగ్గదికీ మధ్య ఉన్నది గోడేనని బిల్డర్ చెప్పాడు. నలుగురి ముందు చెప్పాడు కదా అని నమ్మాం. నాలుగంగుళాల మందం, రెండువైపులా లప్పం, పైన లేత గోధుమరంగు పెయింటు. చూస్తే గోడలాగే ఉంటుంది. కళ్లు మూసుకున్నప్పుడే అనుమానం వస్తుంది.

ఇందులో గోడ తప్పేమీ లేదని మనవి. ఇప్పుడు అపార్టుమెంట్లలో ఎక్కువగా వాడుతున్నవి తెల్లటి ఏఏసీ బ్లాకులు, అంటే లోపల గాలి బుడగలున్న తేలికపాటి కాంక్రీటు ఇటుకలు. ఎర్ర ఇటుకతో పోలిస్తే దాదాపు మూడో వంతు బరువు. బిల్డింగు మీద భారం తగ్గుతుంది, స్టీలు మిగులుతుంది. అందరికంటే ఎక్కువ లాభం చప్పుడుకి, ఎందుకంటే అది లెక్కచేసేది బరువునే. మా తాతగారి ఊళ్లో మట్టిగోడలు మూరెడు మందం. అవతలి గదిలో పెళ్లిచూపులు జరుగుతున్నా ఇవతల పడుకున్నవాళ్లకి కాఫీలప్పుడే తెలిసేది.

ఇళ్ల అమ్మకాల మీద 2016లో వచ్చిన రెరా చట్టం ప్రకారం ఇంటి లోపలి గోడలు నిలబడ్డ జాగా కూడా కార్పెట్ ఏరియా (ఇంటి లోపలి వాడుక జాగా) కిందికే వస్తుంది. అంటే నాన్నగారి టీవీ డిబేటు రోజూ రాత్రి నా ఆఫీసు మీటింగులోకి నడిచొచ్చే దారికి కూడా చదరపు అడుగుల లెక్కన డబ్బు కట్టింది మేమే. డిబేటు మాత్రం టోలు కట్టదు.

సౌండ్‌ప్రూఫింగ్ చేయించాలని తీర్మానించి, ప్రజాస్వామ్యం కాబట్టి ఇంట్లోవాళ్ల అభిప్రాయాలు సేకరించాను. నాన్నగారికి వినికిడి కాస్త తక్కువ. తన టీవీ ఎవరికీ ఇబ్బంది కాకూడదన్నారు, కానీ తన గురించి గదిలో ఎవరేమనుకున్నా తనకి వినపడాలన్నారు (అది ఇప్పటికీ వినపడుతుంది, గుసగుసలాడినా). ఇంటర్ చదివే మావాడికి హాల్లోంచి చప్పుడు రాకూడదు, వాడి ఫోన్లో మోగేది హాల్లోకి పోకూడదు. మా ఆవిడకి గదిలో ఉన్నా కుక్కర్ విజిల్ వినపడాలి, నేను టీ అడిగితే వినపడనక్కర్లేదు. మొత్తం మీద అందరికీ కావలసింది ఒకటే: ఒకవైపే పనిచేసే గోడ.

మొదట ఎవరో చెప్పారని కిరాణా కొట్లో కోడిగుడ్ల అట్టలు తెచ్చి గోడంతా అంటించాను. గది కోళ్లఫారంలా తయారైంది. గదిలో ప్రతిధ్వని కాస్త తగ్గి, డిబేట్లో ఎవరిది ఏ పార్టీయో మరింత స్పష్టంగా తెలియసాగింది. ఫోమ్ షీట్లదీ అదే కథ. అవి గదిలో ఉన్న చప్పుణ్ణి మెత్తబరుస్తాయి తప్ప, గోడ దాటి వచ్చేదాన్ని ఆపవు. అలాగని గోడనే బరువెక్కిద్దామంటే, బరువు రెట్టింపు చేసినా తగ్గేది మహా అయితే ఆరు డెసిబెల్స్. చెవికి సగం తగ్గినట్టు అనిపించాలంటే పది కావాలి. ఆ ఆరు కూడా నాన్నగారు రిమోట్ మీద రెండు నొక్కుల్లో భర్తీ చేసేస్తారు.

చివరికి ఫాల్స్ సీలింగ్ మేస్త్రీ వచ్చాడు. పాత గోడకి ఆనకుండా వేరే ఫ్రేము, మధ్యలో రాక్ ఊల్ (రాతిపీచు దూది), పైన రెండు వరసల జిప్సమ్ బోర్డు. పన్నెండడుగుల గోడకి నాలుగంగుళాలు చొప్పున నాలుగు చదరపు అడుగుల గది హరీమంది. ఆ రాత్రి మీటింగులో కూర్చున్నానో లేదో, "ఒక్క నిమిషం, నన్ను మాట్లాడనివ్వండి" అంటూ ఒక పార్టీ ప్రతినిధి వచ్చేశాడు.

విచారణలో తేలిందేమిటంటే, హాల్లో టీవీ స్విచ్‌బోర్డూ గదిలో ఛార్జింగ్ బోర్డూ ఒకే చిల్లుకి అటూ ఇటూ ఉన్నాయి. మేస్త్రీ గదివైపు బోర్డుని కొత్త గోడ మీదికి లాగి బిగించాడు, చిల్లుని అలాగే వదిలేశాడు. పైగా తలుపు కింద అరంగుళం సందు. గోడకి పోసిన డబ్బంతా ఆ సందులోంచి పాకుతూ వెళ్లిపోయింది. చిల్లు పూడ్చి, తలుపుకి రబ్బరు పట్టీ వేయిస్తే సగం గోల తగ్గింది. ఇది ముందే ఎందుకు చెప్పలేదని మేస్త్రీని అడిగాను. "మీరు గోడ గురించే అడిగారు కదా సార్" అన్నాడు.

మొన్న ఆదివారం గదిలో తలుపేసుకుని నేనూ మా ఆవిడా ఆ నిశ్శబ్దాన్ని వింటూ కూర్చున్నాం. నాన్నగారు హాల్లో నిద్రపోతున్నారు. ఇంతలో గదికున్న రెండో గోడలోంచి, పక్క ఫ్లాటుతో కలిసిన గోడ అది, దాని జోలికి మేమెవరం పోలేదు, పక్కింటావిడ గొంతు మా పక్కనే కూర్చున్నంత దగ్గరగా వినిపించింది.

"వదినగారూ, మీ కుక్కర్ ఏడో విజిల్ వేసింది. పెట్టింది పప్పేనా?"