మేఘాలయన్ ఏజ్ మేఘాలయలో పుట్టలేదు

"మనం బతుకుతున్న యుగం మేఘాలయలోని ఒక గుహలో మొదలైంది, భారత్ మీద గౌరవంతో శాస్త్రవేత్తలు ఆ పేరు పెట్టారు, ఇది మన కలియుగమే." ఈ ఫార్వర్డ్ మొన్న మా చుట్టాల గ్రూపులోకి మళ్లీ వచ్చింది. ఇందులో నిజం కొంతే. భూమి చరిత్రను భూగర్భ శాస్త్రవేత్తలు ముక్కలుగా విడగొడతారు, వాటిలో అన్నిటికన్నా కొత్త ముక్కకు మేఘాలయన్ ఏజ్ అన్న పేరు ఉంది, 2018లో ఖరారైంది.

"గుహలో మొదలైంది" అన్న మాట చూద్దాం. కాలం ఏదో ఒక ఊళ్లో మొదలవదు. చాలా చోట్ల కనిపించే ఒక మార్పు ఏ రాతిలో, ఏ మంచులో తేదీ కట్టగలిగేంత స్పష్టంగా మిగిలిందో వెతికి, అక్కడ గీత గీస్తారు. దాన్ని గోల్డెన్ స్పైక్ అంటారు. మొదటిది 1972లో అప్పటి చెకొస్లొవేకియాలోని క్లోంక్‌కు దక్కింది. మేఘాలయన్‌కు దొరికిన గుర్తు సోహ్రా, అంటే మనం బడిలో చదువుకున్న చిరపుంజి, దగ్గరి మామ్లూ గుహలోని ఒక స్టాలగ్మైట్. బొర్రా గుహల్లో శివలింగమని దణ్ణం పెట్టుకునేదీ ఆ జాతిదే. పైనుంచి చుక్క పడ్డప్పుడల్లా కాస్త సున్నం పేరుకుంటుంది, అలా వేల ఏళ్లు. ఏ పొర ఎప్పటిదో, అందులోని యురేనియం ఎంత థోరియంగా మారిందన్న లెక్క చెబుతుంది. పొరలో బరువైన రకం ఆక్సిజన్ పాలు పెరిగితే రుతుపవనాలు బలహీనపడ్డాయని అర్థం. 2000 సంవత్సరం నుంచి 4,250 ఏళ్లు వెనక్కి వెళ్తే, సరిగ్గా అదే కనిపిస్తుంది. పేరులోనే మేఘాలున్న రాష్ట్రంలో, కుండపోతకు పేరుపడ్డ ఊరి పక్కన దొరికింది కరువు ఆనవాలు! (ఆ కరువుతోనే పాత నాగరికతలు కూలాయన్నది మాత్రం పురాతత్త్వవేత్తలంతా ఒప్పుకునే మాట కాదు.)

ఇక గౌరవం సంగతి. దీనికి ముందరి ఏజ్ పేరు నార్త్‌గ్రిప్పియన్. అది గ్రీన్‌లాండ్ మంచును తవ్విన ప్రాజెక్టు పేరు. మరి అక్కడ గౌరవం ఎవరికి? అసలు పేరూ గీతా ఒకేచోట ఉండాలన్న రూలు కూడా లేదు. డైనోసార్లు మొదట కనిపించిన ట్రయాసిక్ కాలంలో మొట్టమొదటి ఏజ్ ఇండువన్, సింధు నది పేరుతో వచ్చింది. దాని గోల్డెన్ స్పైక్ చైనాలోని మెయ్‌షాన్‌లో ఉంది. ఫార్వర్డ్ లెక్కన అయితే చైనాలో పుట్టిన ఏజ్‌కు మన మీద గౌరవంతో సింధు పేరు పెట్టారనుకోవాలి!

కలియుగం గొడవకు సగం కారణం మన భాషే. ఎరా, ఎపోక్, ఏజ్ దేన్నైనా 'యుగం' అనేస్తాం. ఏజ్ వీటిలో అన్నిటికన్నా చిన్నది. మేఘాలయన్ అనేది, చివరి మంచు యుగం ముగిశాక మొదలైన హోలోసీన్ ఎపోక్‌లో మూడో ముక్క, అంతే. పైగా లెక్కలూ కుదరవు. కలియుగం మొదలు క్రీ.పూ. 3102 అంటారు, మేఘాలయన్ మొదలు క్రీ.పూ. 2250 ప్రాంతం. మధ్యలో 850 ఏళ్ల తేడా ఉంది.

దీని కింద ఇంకో బంధువు, "అదంతా పాతది, ఇప్పుడు ఆంత్రోపోసీన్ నడుస్తోంది" అని రాశాడు. మనిషి భూమిని మార్చేసిన కాలం అన్న అర్థంలో ఆ మాట అందరూ వాడుతున్నారు, నిజమే. కానీ కెనడాలోని క్రాఫర్డ్ సరస్సు అడుగు మట్టిని ఆధారంగా చూపించి, 1952తో కొత్త ఎపోక్ మొదలైందని పెట్టిన ప్రతిపాదన మీద భూగర్భ శాస్త్రవేత్తల ఉపసంఘంలో 2024 మార్చిలో ముగిసిన ఓటింగులో అనుకూలంగా 4, వ్యతిరేకంగా 12 ఓట్లు పడ్డాయి. భూమి కాలాల అధికారిక చార్టులో పై గడిలో ఇప్పటికీ ఉన్నది మేఘాలయన్ పేరే.