మన కాలనీ బోర్డు మీద కుంట పేరు కూడా రాయాలి

మన ఓరుగల్లులో ఏ కూడలిలో నిలబడి చూసినా ఒక తోరణం నమూనా కనిపిస్తుంది. ఊరి మొగదలలో, ప్రభుత్వ కార్యాలయాల గోడల మీద, చివరికి ఫంక్షన్ హాళ్ళ ముందు కూడా అదే తోరణం. కాకతీయుల మీద నాకు గౌరవం తక్కువ కాదు. చుట్టాలు వస్తే వేయిస్తంభాల గుడికి, కోటకు, భద్రకాళి గుడికి నేనే తీసుకుపోతాను. కానీ ఇన్ని తోరణాలు నిలబెట్టుకున్న మనం, రోజూ నడిచే వీధి అక్కడే ఎందుకు పడింది, అక్కడే ఎందుకు మలుపు తిరిగింది, వాన పడితే నీళ్ళు అక్కడే ఎందుకు నిలుస్తాయి అని అడగడం మానేశాము. చరిత్ర అంటే టికెట్ కొని లోపలికి పోయి చూసేదన్న నమ్మకం మన తలల్లో పాతుకుపోయింది. ఈ నమ్మకం తప్పనీ, దాని వల్ల మనకు నష్టం కూడా జరుగుతున్నదనీ చెప్పడానికే ఇంత పొడుగు పోస్టు రాస్తున్నాను.

హనుమకొండ, వరంగల్, కాజీపేట మూడూ కలిసినందుకు పత్రికలు త్రినగరి అని రాసే ఈ ఊరు ఒక బొడ్రాయి చుట్టూ పెరిగినది కాదు. హనుమకొండ కాకతీయుల తొలి రాజధాని. 1163లో రుద్రదేవుడు వేయిస్తంభాల గుడిలో శాసనం వేయించిన నాటికి రాజ్యం అక్కడి నుంచే నడిచింది. ఆ తరువాత రాజధాని ఓరుగల్లుకు మారింది. గణపతిదేవుడి కాలంలో, రుద్రమదేవి కాలంలో కోట గోడలు లేచాయి. కాజీపేటలో దర్గా ఉన్నది, కానీ దానిని పట్టణంగా పెంచింది రైలు. నిజాం రైలు మార్గం 1880లలో ఇటు వచ్చింది, 1929లో బల్లార్షా మార్గం పూర్తికావడంతో ఉత్తరానికి, దక్షిణానికి నడుమ కాజీపేట ముడిగా మారింది. 1959లో నెహ్రూ శంకుస్థాపన చేసిన రీజినల్ ఇంజనీరింగ్ కళాశాల, అంటే నేటి నిట్, కాజీపేటకూ హనుమకొండకూ మధ్య ఖాళీని పూడ్చడం మొదలుపెట్టింది; అద్దె గదులు, మెస్సులు, జిరాక్స్ దుకాణాలు దాని వెంటే వచ్చాయి. కాజీపేటలో బస్సు ఎక్కి వరంగల్ చౌరస్తాలో దిగేవాడు గంట లోపల రైలు కాలం నుంచి తొలి రాజధాని మీదుగా కోట దగ్గరికి చేరుతున్నాడు.

మన వాడల పేర్లు కూడా అంతే. నిజాం పాలనలో వరంగల్ ఒక సుబాకు, అంటే రాష్ట్రం వంటి పెద్ద పాలనా విభాగానికి కేంద్రం, సుబేదారు ఉన్న చోటు సుబేదారి. అదాలత్ అంటే న్యాయస్థానం, లష్కర్ అంటే సైన్యం. ‘అదాలత్ కాడ ఆపు’ అని ఆటో అతనితో అంటున్నప్పుడు ఒక పాత పాలనా యంత్రాంగం మన నోట పలుకుతున్నది.

కోటలోనూ నన్ను ఎక్కువగా కదిలించేవి తోరణాలు కావు, దర్వాజలు. సుమారు 1.2 కిలోమీటర్ల వ్యాసంతో రాతికోట, దాని చుట్టూ సుమారు 2.4 కిలోమీటర్ల వ్యాసంతో మట్టికోట ఉన్నాయి. శత్రువు నేరుగా దూసుకురాకూడదని రాతికోట దర్వాజ దగ్గర దారిని వంకర తిప్పి కట్టారు. ఇప్పుడు కూరగాయల ట్రాలీ కూడా, బడి పిల్లల ఆటో కూడా అక్కడ వేగం తగ్గించి, హారన్ కొట్టి, అదే వంకర తిరిగి లోపలికి పోతాయి. ఏడు వందల యాభై ఏండ్ల కిందటి రక్షణ ఆలోచన ఈనాటి ఆటో డ్రైవరు చేతిలో స్టీరింగ్‌ను తిప్పుతున్నదంటే, దానికన్నా బతికున్న చరిత్ర ఏముంటుంది?

ఇక పోగొట్టుకున్నదాని గురించి. 1934లో నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ కాలంలో మొదలైన ఆజంజాహి బట్టల మిల్లు ఈ ఊరికి గడియారం వంటిది. మా పెద్దబాపు అందులో నేత ఖాతాలో పనిచేశారు. మిల్లు సైరన్ విని పొయ్యి వెలిగించేదాన్నని మా పెద్దమ్మ చెప్పేది. ఏ హోటల్ తెల్లవారుజామున తెరవాలో, ఏ కిరాణం నెలాఖరు దాకా ఉద్దెర ఇవ్వాలో, ఏ గల్లీలో సైకిల్ పంక్చర్ దుకాణం పెడితే నడుస్తుందో, అన్నీ షిఫ్టులే నిర్ణయించాయి. మిల్లు మూతపడింది. ఆ నేలలో కొంత ప్లాట్లయింది, కొంత కలెక్టరేట్ భవనాలకు పోయింది. పని లేని మిల్లును అట్లాగే ఉంచాలని నేను అనడం లేదు. వేలమంది బతుకును నడిపిన చోట కార్మికుల క్వార్టర్లలో ఒక్క వరుసనైనా, ఒక్క గేటునైనా అది ఏమిటో రాసి ఉంచాలన్న ఆలోచన రాకపోవడమే నాకు బాధ. రాజు కట్టించిన రాయికి కంచె వేస్తాము, కార్మికుడు ఉన్న ఇటుకను ట్రాక్టరుకెత్తి పోస్తాము.

అయితే అన్నిటికన్నా ఖరీదైన మరుపు నీళ్ళది. కాకతీయుల నాటి నుంచి ఈ నేల గొలుసుకట్టు చెరువుల నేల. పైచెరువు నిండితే మత్తడి, అంటే మిగులు నీళ్ళు పొర్లిపోయే కట్టడం, దూకుతుంది, మత్తడి నీళ్ళు వాగులో పడి కింది చెరువుకు చేరుతాయి. వడ్డేపల్లి, భద్రకాళి వంటి పెద్ద చెరువులు మన కళ్ళకు కనిపిస్తాయి, కానీ వాటి మధ్యనున్న కుంటలు, వాటిని కలిపే కాలువలు కనిపించవు, ఎందుకంటే వాటి మీద మనము ఉన్నాము. ఈ మార్పు మొదట మనం పిలిచే పేరులో జరిగింది. వాగు అన్నంత కాలం దానికి దారి విడిచారు. తరువాత అది నాలా అయింది, ఆ తరువాత మురికి కాలువ అయింది. మురికి కాలువ అన్నాక దాన్ని కుదించడానికి, పైన స్లాబు వేసి మల్గీలు కట్టడానికి ఎవరికీ మనసు అడ్డురాలేదు. బొందివాగు పేరులో ఇంకా వాగు మిగిలి ఉన్నది, కానీ హంటర్ రోడ్డు మీద దాన్ని దాటేవారిలో ఎందరు ఆ మాటను వింటున్నారు?

ఇది నాకు పుస్తకం చెప్పిన సంగతి కాదు. 1990లలో మా బాపు హనుమకొండ శివారులో ఒక వెంచర్‌లో 200 గజాల ప్లాటు కొన్నారు. అమ్మినవాళ్ళు చూపిన లేఅవుట్ కాగితంలో 30 ఫీట్ల రోడ్లు ఉన్నాయి, పార్కు ఉన్నది, కుంట మాత్రం లేదు. పునాది తీస్తున్నప్పుడు బర్రెలను తోలుకుపోతున్న ఒక ముసలాయన ఆగి, ‘ఇది కుంట శిఖం, బిడ్డా’ అన్నాడట. శిఖం అంటే చెరువు నిండితే నీళ్ళు నిలిచే నేల అని బాపుకు తెలుసు, కానీ డబ్బు అప్పటికే ఇచ్చేశారు. 2020 ఆగస్టు వానలకు మా ఇంట్లోకి మోకాలి లోతు నీళ్ళు వచ్చాయి. బియ్యం సంచులు, పిల్లల పుస్తకాలు, అమ్మ పెండ్లినాటి చెక్క పెట్టె తడిసిపోయాయి. 2023 జులైలో మళ్ళీ వచ్చాయి. ఆ వానలకే భద్రకాళి చెరువు కట్ట పోతననగర్ వైపు తెగింది. రెండుసార్లూ టీవీల్లో ‘కాలనీని ముంచెత్తిన వరద’ అన్నారు. ఆ మాట విన్నప్పుడల్లా నాకు కోపం వస్తుంది. నీళ్ళు తమ చోటికి తాము వచ్చాయి. వాటి చోటులో ఇండ్లు కట్టుకోమని మాకు కాగితాలు రాసిచ్చినవాళ్ళను, ఆ కాగితాల మీద ముద్ర వేసినవాళ్ళను ఎవరూ ఏమీ అడగలేదు.

ఉన్న ఇండ్లన్నీ కూల్చమని నేను అనను. అందులో మా ఇల్లు కూడా ఉన్నది, నెల నెలా పైసా పైసా కూడబెట్టి కట్టుకున్నవాళ్ళ ఇండ్లు ఇంకా ఎన్నో ఉన్నాయి. నేను అడిగేది చాలా చిన్నది. ప్రతి కాలనీ బోర్డు మీద కాలనీ పేరు కింద, అది ఏ చెరువు శిఖంలో ఉన్నదో, ఏ కుంట మత్తడి కింద ఉన్నదో, పాత గ్రామ నక్షా చూసి రాయాలి. ప్లాటు కొనడానికి వచ్చినవాడు ముందు అది చదవాలి. నాలా దగ్గర అది ఎక్కడి నుంచి వచ్చి ఏ చెరువుకు పోతుందో రాసిన పలక పెట్టాలి. ఒక తోరణం నమూనాకు అయ్యే ఖర్చుతో ఇటువంటి పలకలు ఎన్నో వస్తాయి.

మా కాలనీ సంఘం సమావేశంలో ఈ మాట పెట్టాను. గజం ధర పడిపోతుందని ఇద్దరు గట్టిగా అడ్డుపడ్డారు, మిగతావారు మౌనంగా ఉన్నారు. ఒక పెద్దమనిషి మాత్రం సమావేశం అయినాక నా వెంట నడిచి వచ్చి, మా వీధి చివర కరెంటు స్తంభం పక్కన సగం భూమిలోకి దిగిపోయిన రాతి కంబాన్ని చూపించారు. మేము దాని మీద కూర్చుని చెప్పులు వేసుకునేవాళ్ళము. అది కుంట తూముదట. వచ్చే నెల అక్కడ సీసీ రోడ్డు వేస్తారని విన్నాను. ఆ రాయిని పెకలించకుండా దాని చుట్టూ రోడ్డు పోయాలని నిన్న డివిజన్ కార్యాలయంలో దరఖాస్తు ఇచ్చి, రసీదు తీసుకున్నాను. దరఖాస్తులో ఇంటి నంబరు, వీధి పేరు రాసిన చోటనే కుంట పేరు కూడా రాశాను.