చెక్కుచెదరని రాజీ

మన దేశంలో అన్నిటికంటే చౌకగా అప్పు ఎక్కడ దొరుకుతుందంటే చాలామంది ఏదో బ్యాంకు పేరు చెబుతారు. అమాయకులు. అది దొరికేది మేజిస్ట్రేటు కోర్టులో, నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం సెక్షన్ 138 కింద, అంటే చెక్కు బౌన్స్ కేసులో. సిబిల్ స్కోరు అడగరు, ఆదాయం అడగరు. ఖాతాలో డబ్బు లేకపోవడమే అర్హత.

పైకి ఈ చట్టం భయపెట్టే మాట నిజమే. చెల్లని చెక్కు ఇవ్వడం 1989 ఏప్రిల్ 1 నుంచి నేరం. మొదట ఏడాది జైలన్నారు. 2002 సవరణతో రెండేళ్లు చేశారు. చెక్కు మొత్తానికి రెట్టింపు దాకా జరిమానా కూడా వేయొచ్చు. వింటే ఎవరికైనా టెన్షనే. అయితే బిడ్డను గిల్లి జోల పాడినట్టు, అదే సవరణలో ఈ నేరానికి రాజీ కుదుర్చుకోవచ్చని సెక్షన్ 147 కూడా పెట్టారు. ఇది క్రిమినల్ తోడేలు తోలు కప్పుకున్న సివిల్ గొర్రె అని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది. తోడేలుకు కోరల్లేవని మన బాకీదారు అంతకు చాలా ముందే పసిగట్టాడు.

గడువులన్నీ అప్పిచ్చినవాడికే. చెక్కు చెల్లలేదని బ్యాంకు కబురు అందిన 30 రోజుల్లో నోటీసు ఇవ్వాలి. 15 రోజులు ఎదురుచూడాలి. ఆ తర్వాత నెలలోపు ఫిర్యాదు వేయాలి. బాకీదారుకు ఉన్నవి వాయిదాలు మాత్రమే. ఆరు నెలల్లో విచారణ ముగించేందుకు ప్రయత్నించాలని చట్టంలో ఉంది. ఆ 'ప్రయత్నం' అన్న మాట రాసినవారికి దండం పెట్టాలి.

ఇక రేటు కార్డు. ఆలస్యంగా రాజీకొచ్చేవారు చెక్కు మొత్తంలో కొంత శాతం రుసుము కట్టాలని 2010లో సుప్రీంకోర్టు నిర్ణయించింది. మొదటి రెండు వాయిదాల్లో తేల్చుకుంటే ఏమీ లేదు. ఆ తర్వాత మేజిస్ట్రేటు దగ్గర 10, సెషన్స్, హైకోర్టుల్లో 15, సుప్రీంకోర్టులో 20 శాతం. 2025 సెప్టెంబరులో వీటిని తగ్గించారు. బయట వడ్డీ రేట్లు తగ్గాయన్నది అందుకు చెప్పిన కారణాల్లో ఒకటి. ఇప్పుడు డిఫెన్స్ సాక్ష్యం, అంటే బాకీదారు తరఫు సాక్ష్యం, నమోదు కాకముందే రాజీపడితే సున్నా. ఆ తర్వాత తీర్పులోపు అయితే 5, సెషన్స్, హైకోర్టుల్లో 7.5, ఢిల్లీ దాకా వెళ్తే 10.

లెక్క చూడండి. లక్ష రూపాయలకు నూటికి రెండు రూపాయల వడ్డీ అంటే నెలకు రెండు వేలు. ఐదు నెలలకు పది వేలు. అదే పది వేలతో కోర్టు దారిలో ఎన్నేళ్లయినా సుప్రీంకోర్టు దాకా నడవొచ్చు. వకీలు ఫీజంటారా, అది అప్పిచ్చినవాడికీ తప్పదు. పైగా ఆ పది వేలూ అతని చేతికి రావు, న్యాయసేవాధికార సంస్థకు పోతాయి. ఒక్కటే చిక్కు. 2018లో వచ్చిన సెక్షన్ 143ఎ కింద, కోర్టు తలచుకుంటే 20 శాతం దాకా మధ్యంతర పరిహారం కట్టమనొచ్చు. తలచుకుంటే.

చివరికి లోక్ అదాలత్‌లో 'రాజీమార్గమే రాజమార్గం' అన్న బ్యానర్ కింద ఇద్దరూ కూర్చుంటారు. "ఇంకా ఎన్నాళ్లు తిరుగుతావయ్యా?" అన్న ప్రశ్న వస్తుంది. బాకీదారును కాదు, అప్పిచ్చినవాడిని. "వడ్డీ వద్దు సార్, అసలు ఇప్పించండి చాలు" అంటాడతను. "నువ్వు పెద్ద మనసు చేసుకోవాలన్నా" అంటాడు బాకీదారు, కళ్లు తుడుచుకుంటూ.

లోక్ అదాలత్ ఇచ్చే రాజీ ఉత్తర్వు, అంటే అవార్డయితే, కోర్టు డిక్రీలా అమలు చేయించుకోవచ్చు. అందుకే అనుభవజ్ఞులు బయటే రాజీ పత్రం రాసుకుంటారు. మూడు కిస్తీలు, మూడు పోస్ట్ డేటెడ్ చెక్కులు. అదే చెక్కుబుక్కు, తర్వాతి నంబర్లు. అవీ బౌన్సయితే? పాత కేసు కదపకుండా, ఆ చెక్కుల మీద కొత్త కేసు వేసుకోవాలని సుప్రీంకోర్టు 2021లోనే తేల్చింది.

కొత్త కేసు కాబట్టి రుసుము మళ్లీ సున్నా నుంచి.