సవరణ: మూడూ కాదు, మూడింట్లో ఒకటి

మొన్న చాదర్‌ఘాట్ నుంచి వస్తూ పెట్టిన పోస్టులో, 2013 భూసేకరణ చట్టం కింద నిర్వాసిత కుటుంబానికి ఉద్యోగం, 5 లక్షలు, నెలనెలా 2000 మూడూ వస్తాయని రాశాను. తప్పు నాదే, ఎవరో పంచిన కరపత్రం నమ్మాను.

చట్టం రెండో షెడ్యూలులో ఉన్నది ‘లేదా’. ప్రాజెక్టులో ఉద్యోగాలుంటే ఇంట్లో ఒకరికి పని, లేదా ఒకేసారి 5 లక్షలు, లేదా 20 ఏళ్లు నెలకు కనీసం 2000. ఏది కావాలో కుటుంబమే ఎంచుకోవాలి.

ఇల్లు కదిలినవాళ్లకు ఏడాదిపాటు నెలకు 3000, సామాను తరలింపునకు 50,000 అదనమే. ఆ ముక్క సరిగ్గానే రాశాను.

కుట్టుమిషను మీద బతికే ఒకాయన తనకేమైనా వస్తుందా అని అడిగారు. వస్తుంది: చేతివృత్తులవాళ్లకు, చిన్న వ్యాపారులకు కనీసం 25,000 విడిగా ఉంది. గిరాకీలంతా వదిలొచ్చిన బస్తీలోనే ఉండిపోతే అది ఏ మూలకు సరిపోతుందో!